వరసలు కలిపిన వాళ్ళకు

తెలుగులో యూట్యూబ్ ఛానళ్ళు, ఇన్‌స్టాగ్రామ్ పేజీలు నడుపుతూ, చూసేవాళ్ళను 'మన ఫ్యామిలీ' అని పిలిచే కంటెంట్ క్రియేటర్లందరికీ నమస్కారం.

నేను ఒక ప్రభుత్వ జూనియర్ కళాశాలలో తెలుగు పాఠం చెప్పే అధ్యాపకుణ్ణి. వీడియోలు తీయడం నాకు రాదు గాని చూడడం మాత్రం బాగానే చూస్తాను; కాబట్టి ఇది ఫోనంటే గిట్టని పెద్దమనిషి సణుగుడు కాదని ముందే మనవి చేసుకుంటున్నాను. బెట్టింగ్ యాప్‌ల గురించీ తప్పుడు ప్రకటనల గురించీ ప్రభుత్వానికి రాయవలసినవాళ్ళు రాశారు, పోలీసులు పెట్టవలసిన కేసులు పెట్టారు. నేను అడగదలచుకున్న సంగతి చాలావరకు ఏ చట్టానికీ అందేది కాదు. అది మీకూ మాకూ నడుమ మీరే మొదలుపెట్టిన ఒక పిలుపులో ఉంది కనుక ఈ ఉత్తరం మీకే రాస్తున్నాను. ఆ పిలుపు కొందరి నోట 'తమ్ముళ్ళూ', కొందరి నోట 'అక్కలూ', ఇంకొందరి నోట 'అమ్మా'.

మా అమ్మకు డెబ్బై రెండేళ్ళు. నాన్న పోయిన తరువాత ఆమె మధ్యాహ్నం అన్నం తినేటప్పుడు మంచినీళ్ళ చెంబుకు ఫోను ఆనించి, మీలో ఒక అమ్మాయి వీడియో పెట్టుకుంటుంది. ఆ అమ్మాయి ఇంట్లో ఫ్రిజ్ ఎప్పుడు మారిందో, ఆడపడుచుతో మాటపట్టింపు ఎందుకొచ్చిందో, రెండో కాన్పుకు పుట్టింటికి ఏ నెలలో వెళ్ళిందో అమ్మకు తెలుసు. బిడ్డకు జ్వరం తగ్గడం లేదని ఆ అమ్మాయి కళ్ళనీళ్ళతో చెప్పిన రోజున అమ్మ సాయంత్రం ఆంజనేయస్వామి గుడికి వెళ్ళి ఆ బిడ్డ పేరున అర్చన చేయించింది. గోత్రం ఏమిటని పూజారిగారు అడిగితే తెలియక, మా గోత్రమే చెప్పేసిందట. ఈ సంగతి నాకు ఆమె నవ్వుతూ చెప్పింది, నేనూ నవ్వాను. కాని ఆ తరువాత చాలా రోజులు ఆ గోత్రం మాట నన్ను వదలలేదు.

కొన్ని వారాల తరువాత ఆ అమ్మాయే ఒక జుట్టు నూనె సీసా చూపించి, 'మా అమ్మలాంటి వాళ్ళందరికీ చెబుతున్నాను' అంది. అమ్మ రెండు సీసాలు తెప్పించుకుంది. అది డబ్బు తీసుకుని చేసిన ప్రకటన అని నేను చెబితే ఒప్పుకోలేదు. వీడియో మొదట్లో పది సెకన్ల పాటు మూలన కనిపించి మాయమయ్యే ఇంగ్లీషు మాటను వేలు పెట్టి చూపించాను. (ఆమె ఫోనులో భాషను ఇంగ్లీషుగా పెట్టింది నేనే, ఆ తప్పు నాదే.) అమ్మ ఆ అక్షరాల వంక చూసి, 'అది కంపెనీవాళ్ళు రాసుకున్నదై ఉంటుందిరా, ఆ పిల్ల డబ్బు కోసం అబద్ధం చెప్పదు' అంది. నూనె వల్ల కీడేమీ జరగలేదు. మేలు కూడా ఏమీ జరగలేదు.

రెండో సంగతిలో కీడు జరిగింది. మా కళాశాలలో ద్వితీయ సంవత్సరం చదువుతున్న ఒక పిల్లవాడు, ఆటో నడిపే తండ్రి పరీక్ష ఫీజుకూ హాస్టలుకూ ఇచ్చిన డబ్బుతో మొదలుపెట్టి, తోటివాళ్ళ దగ్గర అప్పులు కూడా చేసి, నలభై వేల రూపాయలకు పైగా ఒక ఫోన్ ఆటలో పోగొట్టుకున్నాడు. మీలో ఒక 'అన్న' తన ఫోను తెర చూపిస్తూ, క్షణాల్లో వేలు లక్షలవుతుంటే కేరింతలు కొడుతూ, లింకు బయోలో ఉంది తమ్ముళ్ళూ, నేనున్నాను కదా అన్నాడు. చెట్టుకింద కూర్చోబెట్టి అడిగితే ఆ పిల్లవాడు యాప్ మోసం చేసిందని అనలేదు. 'అన్న మనతో అలా చేస్తాడంటే నమ్మబుద్ధి కావడం లేదు సార్' అన్నాడు. ఫిర్యాదు చేద్దాం, ఆ ఛానల్ పేరు చెప్పమంటే చెప్పలేదు. 'అన్నకు కేసు అవుతుంది సార్, వద్దు' అని తల వంచుకున్నాడు.

డెబ్బై రెండేళ్ళ మనిషి, పదిహేడేళ్ళ కుర్రవాడు, ఒకరినొకరు ఎరగని ఇద్దరూ, తమ సొమ్ము పోయిన చోట మీ తరఫున వాదించారు. సొంత అన్నదమ్ముల విషయంలో కూడా అంత తేలిగ్గా ఎవరూ వాదించరు. ఇది ఎలా సాధ్యమైందన్నదే నా ప్రశ్న.

దీనికి మన భాషలోనే కొంత జవాబు ఉంది. ముక్కూ మొహం తెలియని మనిషిని ఉత్త 'మీరు' అని పిలవడం తెలుగువాళ్ళకు ఏదో వెలితిగా ఉంటుంది. బస్సులో సీటు కోసం జరగమనాలన్నా, సంతలో వంకాయల ధర అడగాలన్నా ముందు ఒక వరస కలపాలి: అన్నా, అక్కా, బాబాయ్, పెద్దమ్మా. ఈ అలవాటు ఎంత గట్టిదంటే, కెమెరా వల్ల ఊరూవాడా ఎరిగిన మనుషుల పేర్లలోనే వరస అతుక్కుపోయింది. జగిత్యాల జిల్లా లంబాడిపల్లి గంగవ్వ అందరికీ అవ్వే, మాదాపూర్ రోడ్డు పక్కన భోజనాలు వడ్డించే కుమారి అందరికీ ఆంటీయే. అయితే వరస కలపడం ఉత్తుత్తి మర్యాద కాదు. పిన్నీ అని పిలిచినవాడికి ఆమె పూట అన్నం పెట్టవలసి వస్తుంది, అన్నా అని వచ్చినవాడికి చేబదులు లేదనడం కష్టమవుతుంది. పిలిచినవాడు కూడా రేపు ఆ ఇంట్లో శుభమో అశుభమో జరిగితే నిలబడవలసి ఉంటుంది. రాకపోకలు రెండు వైపులా ఉంటేనే ఊళ్ళో ఆ వరస నిలుస్తుంది. మీరు కలిపిన వరసలో రాక మాత్రమే ఉంది, పోక లేదు. మీ బిడ్డ పేరు, పుట్టినరోజు మా అమ్మకు తెలుసు. మా అమ్మ అనే మనిషి ఉన్నదని మీకు తెలిసే దారి లేదు. ఆమె మీ లెక్కలో ఒక వ్యూ.

ఇలా గొంతుతోనో బొమ్మతోనో దూరపువాళ్ళకు చుట్టం కావడం మీతో మొదలైంది కాదు. 1956లో డొనాల్డ్ హార్టన్, రిచర్డ్ వోల్ అనే ఇద్దరు అమెరికన్ పరిశోధకులు రేడియో, టెలివిజన్ వ్యాఖ్యాతల గురించి రాసిన ఒక వ్యాసంలో, ప్రేక్షకుడితో నేరుగా మాట్లాడుతున్నట్టు, అతని జవాబు విన్నట్టు నటించే ఆ పాత్రకు 'పెర్సోనా' అని పేరు పెట్టారు, ఆ ఏకపక్షపు స్నేహానికి 'పారాసోషల్' అని పేరు పెట్టారు. ఆ పాత్ర మారదు, చెప్పిన వేళకు వస్తుంది, అలగదు, ఎదురు అడగదు. నిజమైన స్నేహితుల్లో దొరకని ఈ నిలకడే దాని బలమని వాళ్ళు గమనించారు. అప్పటికి స్టూడియోలో మాత్రమే తయారయ్యే ఆ పాత్ర ఇప్పుడు మీ వంటింట్లో, చేతిలోని ఫోనులో తయారవుతోంది. కెమెరా కటకంలోకి సూటిగా చూడడం, 'ఇది మీకొక్కరికే చెబుతున్నా' అనడం, తడబడిన చోటును కత్తిరించకుండా వదిలేయడం, మాసిన నైటీతోనో బనీనుతోనో కనిపించడం, నిన్నటి వీడియో కింద వచ్చిన కామెంట్లలో ఒకదానిని పేరుతో చదవడం, ఇవన్నీ మీ వృత్తిలో నేర్చుకోవలసిన పనులే. నేను దీనిని మోసం అనడం లేదు. నాటకం ఆడేవాడు రంగు పూసుకోవడం మోసం కాదు.

మన దగ్గర కూడా ఇలాంటివాళ్ళు ఉండేవారు. న్యాయపతి రాఘవరావు, కామేశ్వరి దంపతుల అసలు పేర్లు చాలామంది పిల్లలకు తెలియవు. వాళ్ళు రేడియో అన్నయ్య, రేడియో అక్కయ్య. అంతకంటె గట్టిగా వరస కలిపినవాళ్ళు తెలుగు ప్రసారాల్లో మరొకరు లేరు. హైదరాబాద్ కేంద్రం కార్మికుల కార్యక్రమంలో 'చిన్నక్క' అనే పాత్ర ఉండేది, విజయవాడ కేంద్రం నుంచి శ్రోతల ధర్మసందేహాలు తీర్చే ఉషశ్రీ గొంతు వినడానికి జనం పనులు ఆపుకునేవారు. వాళ్ళకూ మీకూ ఉన్న తేడా మంచితనంలో ఉన్నదని నేను అనుకోవడం లేదు. వాళ్ళు దేవతలూ కారు, మీరు దుర్మార్గులూ కారు. తేడా ఏర్పాటులో ఉంది. ఆకాశవాణిలో వాణిజ్య ప్రసారాలు 1967లో వివిధ భారతితో మొదలయ్యాయి, అంతకు ముందు అన్నయ్య గొంతుతో అమ్మడానికి సరుకే లేదు. మొదలైన తరువాత కూడా ప్రకటన వేరే గొంతులో, వేరే బాణీలో వచ్చేది. పైగా పిల్లలు ఉత్తరాలు రాసేవారు, స్టూడియోకు వచ్చి పాటలు పాడేవారు, 1945లో మొదలైన 'బాల' పత్రికలో తమ పేర్లు అచ్చులో చూసుకునేవారు. అక్కడ కొంతైనా పోక ఉంది.

ఇంకా వెనక్కి వెళితే పగటివేషాలు ఉన్నాయి. వేషగాళ్ళు ఊళ్ళో దిగి, రోజుకొక వేషం చొప్పున ఇంటింటి ముందూ ఆడి, అన్నీ అయిపోయాక చివర్లో వచ్చి సంభావన తీసుకుని వెళ్ళే ఆనవాయితీ ఉండేది. పోలీసు వేషం కట్టినవాడు ఎంత సహజంగా దబాయించినా, ఆ దబాయింపుతో ఎవరి దగ్గరా డబ్బు వసూలు చేసుకోడు. వేషం వేషమే, అడగడం అడగడమే. మీరు కనిపెట్టిన కొత్త సంగతి, అంటే మీ వ్యాపారాన్ని నిలబెట్టిన సంగతి, ఈ రెండింటినీ ఒకే శ్వాసలో చేయడం. అన్న వేషంలో ఉండగానే అమ్మకం జరగాలి. వేషం దిగితే సరుకు కదలదు.

మీ వైపు ఇబ్బందులు నాకు కొంత తెలుసు. వెయ్యి మంది సబ్‌స్క్రైబర్లు, వారితో పాటు ఏడాదిలో నాలుగు వేల గంటల వీక్షణో తొంభై రోజుల్లో కోటి షార్ట్స్ వీక్షణలో దాటితే తప్ప యూట్యూబ్ ప్రకటనల్లో పూర్తి వాటా ఇవ్వదు. దాటిన తరువాత మామూలు వీడియోకు వచ్చే ప్రకటన రాబడిలో 55 శాతం మీకు వస్తుంది గాని, తెలుగు వీక్షణలకు ఇంగ్లీషు వాటితో పోలిస్తే వచ్చేదే తక్కువ. నాలుగు రోజులు వీడియో పెట్టకపోతే రీచ్ పడిపోతుందని మీరు భయపడతారు. అందువల్ల ఇల్లు గడిచేది ప్రమోషన్ల మీదేనని మీలో చాలామంది అంటారు, అందులో అబద్ధం లేదు. నాకు ప్రమోషన్ చేయడం మీద అభ్యంతరం లేదు. దర్జీ కుట్టుమిషను గురించి, రైతు పంపుసెట్టు గురించి డబ్బు తీసుకుని చెప్పినా నాకు పేచీ లేదు.

బెట్టింగ్ యాప్‌ల సంగతి అలాంటిది కాదు. తెలంగాణ 2017లోనే తన గేమింగ్ చట్టాన్ని సవరించి ఆన్‌లైన్ పందాలను నిషేధించింది, ఆంధ్రప్రదేశ్ 2020లో ఆ పని చేసింది. ఆ తరువాత కూడా ఏళ్ళ తరబడి తెలుగు పిల్లలకు తెలుగులో ఆ లింకులు అందాయి. 2025 మార్చిలో హైదరాబాద్ పంజాగుట్ట పోలీసులు 11 మంది మీద, కొద్ది రోజులకే మియాపూర్ పోలీసులు సినిమా నటులతో సహా 25 మంది మీద కేసులు పెట్టేదాకా మీలో ఎందరికి ఈ చట్టాలు గుర్తొచ్చాయో మీకే తెలియాలి. ఆ కేసుల్లో ఎవరి తప్పు ఎంతో తేల్చవలసింది న్యాయస్థానాలు, నేను కాదు. అందుకే ఎవరి పేరూ ఇక్కడ రాయడం లేదు. 2025 ఆగస్టులో పార్లమెంటు చేసిన ఆన్‌లైన్ గేమింగ్ చట్టం ప్రకారం డబ్బు ఆటలను ప్రచారం చేస్తే రెండేళ్ళ దాకా జైలు, 50 లక్షల దాకా జరిమానా ఉన్నాయి. ఇక ఆ దారి మూసుకుపోయిందని అనుకుందాం.

అయితే ఆ వ్యాపారంలో నన్ను ఎక్కువ కలవరపెట్టింది శిక్షకు సంబంధించినది కాదు, కూలి ఇచ్చే పద్ధతికి సంబంధించినది. వీడియోకు ఇంత అని ఒకేసారి ఇచ్చేది ఒక పద్ధతి. మీరు వీడియోలో చెప్పిన కోడ్ వాడి యాప్‌లో చేరిన ఆటగాడు పోగొట్టుకున్న దానిలో ఇంత శాతం అని ఇచ్చేది రెండో పద్ధతి, బెట్టింగ్ ప్రచారంలో ప్రపంచమంతటా వాడుకలో ఉన్నది. ఈ రెండో ఒప్పందం మీద సంతకం చేసిన అన్నకు, తమ్ముడు గెలిస్తే నష్టం, ఓడితే లాభం. తెలుగులో ఇలాంటి చుట్టరికానికి పేరు ఉందేమో అని నేను నిఘంటువులు వెతికాను. దాయాదితనం కూడా ఇంతకంటె నయం. దాయాదులు ఎదురెదురుగా నిలబడి కొట్టుకుంటారు.

కేసులు వచ్చిన ఆ మార్చి నెలలో కొందరు క్షమాపణ వీడియోలు పెట్టారు. పాత వీడియోలు తీసేసినవాళ్ళూ ఉన్నారు. తీసేయడం మంచిదే అనిపిస్తుంది గాని, మా పిల్లవాడు తన తండ్రికి 'ఇదిగో, ఇది చూసే నేను నమ్మాను' అని చూపించుకోవడానికి ఇప్పుడు ఏమీ లేదు. తండ్రి దృష్టిలో వాడు సొంత బుద్ధితో జూదం ఆడినవాడు. మీ వీడియోతో పాటు వాడికున్న ఒక్క సాక్ష్యం కూడా పోయింది.

బెట్టింగ్ పోయినంత మాత్రాన గొంతు ఖాళీగా ఉండదు. అదే గొంతు ఇప్పుడు ప్రీలాంచ్ ఫ్లాట్లు, ఊరి బయట ఫామ్ ప్లాట్లు, అర నిమిషంలో అప్పు ఇచ్చే యాప్‌లు, షేర్ల టిప్స్ టెలిగ్రామ్ గ్రూపులు, అమెరికా చదువుల కన్సల్టెన్సీల గురించి చెబుతోంది. డల్లాస్‌లోనో న్యూజెర్సీలోనో ఉండి ఇంటి గరాజు, వెనకపెరట్లో కరివేపాకు చెట్టు చూపించే తెలుగు వ్లాగులు చూసి, ఇక్కడ పొలం తాకట్టు పెట్టే తల్లిదండ్రులు నాకు తెలుసు. ఆ వ్లాగు తీసినవాళ్ళు అబద్ధం ఏమీ చెప్పలేదు. కట్టవలసిన అప్పు మిగిలి ఉండగా ఉద్యోగం పోతే ఏమవుతుందో చెప్పలేదు, అంతే.

చట్టం వద్దని నేను అనడం లేదు. వినియోగదారుల రక్షణ చట్టం కింద తప్పుదోవ పట్టించే ప్రకటనకు గొంతు ఇచ్చినవాళ్ళకు 10 లక్షల దాకా, మళ్ళీ చేస్తే 50 లక్షల దాకా జరిమానా వేయవచ్చు, ఏడాది దాకా, మళ్ళీ చేస్తే మూడేళ్ళ దాకా ప్రచారం చేయకుండా ఆపవచ్చు. 2023 జనవరిలో కేంద్రం ఇచ్చిన సూచనల ప్రకారం, డబ్బో కానుకో తీసుకున్న సంగతిని కంటికి తప్పిపోకుండా, తేలిక మాటల్లో చెప్పాలి. కాని మా అమ్మకు ఆ మాట కనిపించింది, నేను చదివి అర్థం కూడా చెప్పాను. ఆమె నమ్మింది ప్రకటన అని చెప్పే ఆ చీటీని కాదు, చీటీ పక్కనున్న ముఖాన్ని. రెండేళ్ళ పాటు రోజూ భోజనం వేళ తోడున్న ముఖాన్ని పది సెకన్ల అక్షరం ఎలా కాదనగలదు? అందుకే చీటీ అంటించాం కాబట్టి మా బాధ్యత తీరిందని మీరు అంటే నేను ఒప్పుకోలేను. చట్టం గీసిన గీత లోపలే నిలబడి కూడా మీరు ఆ పిలుపును తాకట్టు పెట్టవచ్చు.

చూసేవాళ్ళమైన మా సంగతి కూడా రాయకపోతే ఈ ఉత్తరం ఒంటికంటిది అవుతుంది. వరస కలిపినందుకు మేము మీ మీద తెచ్చుకునే హక్కులు తక్కువవి కావు. మీలో ఒకామె భర్త కొన్నాళ్ళు వీడియోల్లో కనిపించకపోతే, ఏమైందో చెప్పి తీరాలని వందల మంది నిలదీశారు. 'మా వ్యూస్‌తో బతుకుతూ మా దగ్గర దాస్తావా' అన్నవాళ్ళూ ఉన్నారు. లావయ్యావనీ, నల్లబడ్డావనీ, పిల్లను సరిగా పెంచడం లేదనీ నోటికొచ్చినట్టు అనడం అత్తవారింటి పెత్తనమే. 2024 జనవరిలో కుమారి ఆంటీ దగ్గర భోజనం చేసిన జనంలో ఎంతమందికి ఆకలి వేసిందో, ఎంతమంది ఆమె నోట 'రెండు లివర్లు ఎక్స్‌ట్రా' అనిపించుకుని వీడియో తీయడానికి వచ్చారో చెప్పడం కష్టం. దారి మూసుకుపోయి ట్రాఫిక్ పోలీసులు బండి తీయమన్నారు; చివరికి ముఖ్యమంత్రి రేవంత్ రెడ్డి కలగజేసుకుంటే తప్ప ఆమె తన చోట అన్నం వడ్డించుకోలేకపోయింది. ఆంటీ అని పిలుస్తూనే ఆ జనం ఆమె బతుకుతెరువు మీదికి ఎక్కారు. ఆమె పెర్సోనాను ఆమె తయారుచేసుకోలేదు, మేమే తయారుచేసి ఆమె నెత్తిన పెట్టాం.

మేము మిమ్మల్ని చెడగొట్టే తీరు ఇంకొకటి ఉంది. 2024 జూలైలో ఒక తండ్రీ చిన్నకూతురూ ఉన్న వీడియోను ముందు పెట్టుకుని కొందరు యువకులు లైవ్‌లో చేసిన అసభ్య వ్యాఖ్యలు పోలీసు కేసుకూ అరెస్టుకూ దారితీశాయి. అందరం ఛీ అన్నాం, అనవలసిందే. కాని అంత మాట ఒక్క రోజులో నోటికి రాదు. నిన్నటి మాటకు నవ్వినవాళ్ళు ఉంటేనే ఇవాళ ఇంకొక మెట్టు దిగాలనిపిస్తుంది, ఆ నవ్వులన్నీ లెక్కలుగా తెర మీద కనిపిస్తూనే ఉంటాయి. వేషం కట్టినవాడిని వేషమే నడిపించే స్థితి అది. మీలో కొందరు ఆ స్థితికి దగ్గరగా ఉన్నారని చూస్తే తెలుస్తుంది. మెత్తగా మాట్లాడితే వ్యూస్ రావడం లేదని మీరే వాపోయారు.

ఇక మీ ఫ్యామిలీలో మాట్లాడే హక్కు లేనివాళ్ళు పిల్లలు. సినిమాలోనో సీరియల్‌లోనో బాలనటులతో పని చేయించాలంటే 2017 నాటి నిబంధనల ప్రకారం జిల్లా మేజిస్ట్రేటు అనుమతి కావాలి, రోజుకు ఐదు గంటలు దాటకూడదు, వచ్చిన రాబడిలో కనీసం 20 శాతం ఆ బిడ్డ పేరున బ్యాంకులో ఫిక్స్‌డ్ డిపాజిట్ చేయాలి. వంటింట్లో ఏడుస్తున్న బిడ్డ ముఖం థంబ్‌నెయిల్ మీదికి ఎక్కేటప్పుడు ఏ మేజిస్ట్రేటు వస్తాడు? మా కళాశాలలో ఒక అమ్మాయిని తోటివాళ్ళు ఆమె పేరుతో పిలవరు. ఐదో తరగతిలో ఉండగా తల్లి పెట్టిన వీడియోలో ఆమె వెక్కిళ్ళ మధ్య అన్న ఒక మాటతో పిలుస్తారు. ఆ తల్లి ఛానల్ మూసేసి చాలా కాలమైంది. పేరు పోలేదు. చట్టం మీ గడప లోపలికి వస్తుందో రాదో తేలేదాకా ఆగకుండా, ఆ 20 శాతం నియమం మీ అంతట మీరే పెట్టుకోవచ్చు, ఏడుస్తున్న బిడ్డ ముందు కెమెరా ఆపేయవచ్చు.

నేను అడగదలచుకున్నది చెప్పి ముగిస్తాను. డబ్బు తీసుకుని ఒక సరుకు గురించి చెప్పే ఆ రెండు నిమిషాలూ మీరు మాకు ఏ వరసా కలపకండి. అన్న, అక్క, అమ్మ, తమ్ముడు, ఫ్యామిలీ, వీటిలో ఏదీ ఆ రెండు నిమిషాల్లో వినపడకూడదు. మొదలుపెట్టే ముందు, మూల అక్షరాలతో కాకుండా నోటితో, తెలుగులో, 'దీని గురించి చెప్పడానికి నాకు డబ్బు ఇచ్చారు' అనండి. వేషం దించి సంభావన అడగండి; ఇచ్చేవాళ్ళు ఇస్తారు. అమ్మకాలు తగ్గుతాయని మీరు అనవచ్చు. తగ్గిన ఆ మేరకు ఇన్నాళ్ళూ అమ్ముడుపోయింది నూనె కాదు, పిలుపు అని మీకే లెక్క తేలుతుంది.

బెట్టింగ్ యాప్‌లకు ప్రచారం చేసినవాళ్ళు ఇంకొకటి చేయాలి. ఆ వీడియోలు ఏ ఛానల్‌లో పెట్టారో అదే ఛానల్‌లో, సంగీతం లేకుండా, ప్రకటనలు లేకుండా, ఏ యాప్‌కు ఎంతకాలం చేశారో, కూలి వీడియో లెక్కన తీసుకున్నారో తమ్ముళ్ళు ఓడిన సొమ్ములో వాటాగా తీసుకున్నారో చెప్పి, ఆ వీడియోను ఎప్పటికీ తీసేయకుండా పైన నిలపండి. మీ లాయరు వద్దంటారేమో. అలాగైతే కేసు ముగిసిన మర్నాడు పెట్టండి, మేము ఆగుతాం. కన్నీళ్ళు అక్కర్లేదు. మా పిల్లవాడు దానిని తండ్రికి చూపించుకుంటాడు, అంతవరకే మాకు పని. అది చూసి మీ కింద ఎవరైనా కటువుగా రాస్తే, 'అన్నను అంటావా' అంటూ అతని మీదికి దూకే మీ ఫాలోవర్లను ఆగమని ఒక్క మాట అనండి. మీరు చెబితే వింటారు. వింటారన్న సంగతి ఆ లింకులే రుజువు చేశాయి.

ఈ ఉత్తరానికి నాకు జవాబు రాయనక్కర్లేదు. మా పిల్లవాడు సప్లిమెంటరీకి ఫీజు కట్టాడు, సాయంత్రాలు ఒక జిరాక్స్ షాపులో పని చేస్తూ అప్పులు తీరుస్తున్నాడు. మా అమ్మ ఇప్పటికీ మధ్యాహ్నం పన్నెండున్నరకు చెంబుకు ఫోను ఆనించి ఆ అమ్మాయితో కలిసే అన్నం తింటోంది. నేను మానమనలేదు, ఆ వేళకు ఇంట్లో ఉండి ఆమెకు తోడుగా తినేవాళ్ళం మేమెవరమూ లేము. ఫోనులో భాష మాత్రం తెలుగుకు మార్చాను. ఒకరోజు ఆ అమ్మాయి నూనె సీసా చేతిలో పట్టుకుని 'ఇది డబ్బు తీసుకుని చెబుతున్న మాటండీ' అని నోరారా అంటే అమ్మ ఏం చేస్తుందో నాకు తెలుసు. 'చూశావా, ఎంత నిజాయితీ గల పిల్లో' అని, మూడో సీసా తెప్పించమంటుంది.

భవదీయుడు,
ఒక జూనియర్ కళాశాల తెలుగు అధ్యాపకుడు